నేనివ్వని నీళ్ళు

మా బోరు మోటారు మీద నడుస్తున్న కేసులో వాది నేనే. ఎవరైనా అడిగితే మా చిన్నాన్నే కోర్టుకెక్కించారని చాలా ఏళ్ళు చెప్పుకుంటూ తిరిగాను. అబద్ధం. ముందు ఆ మెట్లెక్కింది నేను.

తాతగారు కూలికి వెళ్ళి, పైసా పైసా కూడబెట్టి మలికిపురం దగ్గర కొన్న కొబ్బరితోట అది. రోడ్డు వైపు ముక్క నాన్నకి, వెనక ముక్క చిన్నాన్నకి వచ్చాయి. చుట్టూ రొయ్యల చెరువులు తవ్వేశాక నేల ఉప్పుబారిపోయింది. ఎక్కడ బోరు దింపినా ఉప్పునీళ్ళే. తీపినీళ్ళు పడేది మా ఉమ్మడి బోరులో ఒక్కదానిలోనే. కరెంటు సర్వీసు మాత్రం నాన్న పేరు మీద ఉండిపోయింది. నాన్న పోయాక ఆయన వాటా నాకొచ్చింది. నాకు బడిలో ఉద్యోగం ఉంది. చిన్నాన్నకి ఆ తోట తప్ప ఇంకేమీ లేదు. తుఫానుకి పాత చెట్లు పడిపోతే కొత్త మొక్కలు వేసి, బిందెలతో నీళ్ళు మోసి పెంచుకున్నారు. అవి అప్పుడప్పుడే కాపుకొస్తున్నాయి.

నీళ్ళు రోజు విడిచి రోజు వంతు. దానికి కాగితం లేదు, మోటారు బోర్డుకి మూడు పింగాణీ ఫ్యూజులున్నాయి. వంతు అయిపోయినవాళ్ళు వాటిని పీకి, తువ్వాల్లో చుట్టుకుని రెండోవాళ్ళ ఇంటికి తీసుకెళ్ళి చేతికివ్వాలి. గుమ్మంలో పెట్టి వచ్చేస్తే చిన్నాన్న ఒప్పుకునేవారు కాదు. "ఏరా అబ్బాయ్, తెచ్చేవా? కూర్చో. ఏమేవ్, అబ్బాయొచ్చేడు, కాఫీ పెట్టు!" అని లోపలికి కేకేసేవారు.

ఒక ఎండాకాలం, కాలువలకి నీళ్ళు కట్టేసిన రోజుల్లో, ట్రైనింగని స్కూటరు మీద అమలాపురం వెళ్ళి వారం అక్కడే ఉన్నాను. ఫ్యూజులు నా స్కూటరు డిక్కీలో ఉండిపోయాయి. మర్చిపోయాను, అంతే. చిన్నాన్న ఫోను మీద ఫోను చేశారు. క్లాసులో ఉన్నాను కదా, తర్వాత చూద్దాంలే అనుకున్నాను. నాలుగు రోజులు చూసి, ఆయన ఫ్యూజుల చోట రాగితీగలు చుట్టి మోటారు వేసేశారు. వైండింగు కాలిపోయింది.

తిరిగొచ్చాక నేను అనవలసింది ఒకటే ముక్క, "చిన్నాన్నా, తప్పు నాది" అని. ఆ ఒక్కటీ నోటికి రాలేదు. "మోటారు కాల్చేస్తారా?" అని పదిమందిలో కేకలేశాను.

ఆయనా ఊరుకోలేదు. "నీళ్ళని బండి డిక్కీలో పెట్టుకు తిరిగే మేష్టార్ని నిన్నే చూస్తున్నాన్రా" అన్నారు.

చుట్టూ ఉన్నవాళ్ళు నవ్వారు. ఆ నవ్వుకి నాకు ఒళ్ళు మండిపోయింది. వారం తిరక్కుండా దావా వేశాను. సర్వీసు మాదనీ, ప్రతివాది దౌర్జన్యంగా మోటారు తగలబెట్టాడనీ రాయించాను. ఫ్యూజుల సంగతి మాత్రం రాయించలేదు. చిన్నాన్న కూడా వకీలుని పెట్టుకుని ఎదురు దావా వేశారు. కేసు తేలేదాకా ఇద్దరిలో ఎవరూ మోటారు ముట్టుకోకూడదని ఉత్తర్వు వచ్చింది. గెలిచేసినట్టే ఎగిరాను, బుద్ధి లేక.

ముట్టుకోకూడదంటే బాగుచేయించకూడదు కూడా. షెడ్డుకి తాళం పడింది. వాయిదా మీద వాయిదా. కోర్టు వరండాలో బెంచీకి ఆ చివర ఆయన, ఈ చివర నేను. ఆదివారం చర్చిలో ప్రభువు బల్ల రొట్టె, ద్రాక్షరసం ఇచ్చే వేళకి, మనసులో పగ పెట్టుకుని అవి ముట్టకూడదని ఆయన లేచి బయటికి వెళ్ళిపోయేవారు. నేను సిగ్గు లేకుండా తీసుకునేవాణ్ణి.

మరుసటి ఎండాకాలం ఎగువనున్న ఒక రైతుకి డబ్బిచ్చి, ఆయన మంచినీళ్ళ చెరువు దగ్గర ఆయిలింజను పెట్టించి, గొట్టాలు వేసి నా చెట్లు తడుపుకున్నాను. చిన్నాన్నకి ఆ స్తోమత లేదు. ఒకరోజు ఆయనే మా ఇంటికొచ్చారు. కుర్చీ వేస్తే కూర్చోలేదు.

"కేసు నడవనీరా, నేను వద్దన్ను. నీ గొట్టం నా గట్టు దాకా వచ్చింది కదా. నీ చెట్లు తడిసేక ఓ రెండు గంటలు ఇటు వదులు. చెట్లేం చేసేయిరా, పాపం?"

"రేపు చెప్తాను చిన్నాన్నా" అన్నాను.

వకీలుకి ఫోను చేశాను. "వద్దు మాస్టారూ! ఒక్కసారి వదిలేరంటే అది హక్కయి కూర్చుంటుందండి. రేప్పొద్దున్న కోర్టులో మనమే ఇరుక్కుంటాం" అన్నాడాయన.

మర్నాడు నేను చిన్నాన్న దగ్గరికి వెళ్ళలేదు. ఆ మర్నాడూ వెళ్ళలేదు. ఆయన మళ్ళీ అడగలేదు. అంతటితో ఊరుకున్నానా? నా చివరి వరస తడిసి పొర్లిన నీళ్ళు గట్టుకి పడ్డ చిన్న గండిలోంచి ఆయన వైపు పోతుంటే, పార తీసుకుని నా చేత్తో నేనే పూడ్చాను. ఆ పారెడు మట్టి తలుచుకుంటే ఇప్పటికీ అన్నం సయించదు.

ఆ ఏడు ఆయన చెట్లకి పిందెలు రాలిపోయాయి. తర్వాతి ఏడు మట్టలు వాలిపోయాయి. ఆ పైఏడు మొవ్వులు ఎండిపోయాయి. మొవ్వు పోయిన కొబ్బరిచెట్టుకి గోదావరి మొత్తం తెచ్చి పోసినా చిగురు రాదు. అప్పుడు వెళ్ళాను, రాజీ పడదామని. "ఇప్పుడు నీళ్ళు దేనికిరా?" అన్నారు చిన్నాన్న. రాజీ కాగితం మీద సంతకం పెట్టలేదు. కేసు ఇంకా నడుస్తూనే ఉంది.

మొన్న చెట్లెక్కించి దింపు తీయించి, కాయల్ని కొబ్బరి కొట్టుకి పంపాను. మధ్యాహ్నం పని మీద ఆ కొట్టుకే వెళితే, కాయ వలిచే కూలీల్లో చిన్నాన్న కనబడ్డారు. డెబ్భై ఏళ్ళ మనిషి, నేలలో పాతిన గునపానికి కాయ గుచ్చి, పొట్ట ఆనించి పైన పీచు డొక్క తీస్తున్నారు. ఆయన ముందున్న రాశి నాదే. నాకు తల కొట్టేసినట్టయింది. వెనక్కి తిరిగి వెళ్ళిపోదామనుకునేలోపే చూసేశారు.

వలిచిన కాయ ఒకటి చెవి దగ్గర పెట్టుకుని ఆడించారు. ముఖంలో కోపం లేదు, కనీసం ఎత్తిపొడుపైనా లేదు.

"కాయ బాగా నిండిందిరా. ఎండల్లో నీళ్ళు ఆపకుండా పెట్టేవు కదూ?"

"ఆయ్, చిన్నాన్నా" అన్నాను.