పీల్చి వాయించే కొమ్ము

మా ఆయన నోట్లో నువ్వుగింజ నానదు. ఎవరి గుట్టు ఆయన చెవిన పడినా పొద్దుగూకేసరికి ఊరందరికీ తెలిసిపోయేది. అలాంటి మనిషి మా పాపకు ఒకే ఒక్క అబద్ధం చెప్పి, దాన్ని చివరిదాకా కాపాడుకుంటూ వచ్చాడు.

ఆయన బండల ఫ్యాక్టరీలో కోత మిషన్ మీద పనిచేసేవాడు. ఇంటికొస్తే కనురెప్పల మీద కూడా తెల్లటి పొడి ఉండేది. ఆ పొడే ఊపిరితిత్తుల్లో పేరుకుందని డాక్టరు చెప్పాడు. అది ఇక పోదట, ఉన్న ఊపిరినైనా నిలబెట్టుకోవాలట. అందుకని ఒక ప్లాస్టిక్ డబ్బా ఇచ్చారు. మూడు గదులు, గదికో రంగు గుండు, పక్కన ఒక గొట్టం. గొట్టంలోంచి గాలి లోపలికి పీలిస్తే గుండ్లు ఒకదాని తర్వాత ఒకటి పైకి లేవాలి.

రెండో తరగతి చదివే పాప ఎదురొచ్చి, "ఏమి నాయనా అది?" అని అడిగింది. ఆయన నా ముఖం చూశాడు. నేను తల తిప్పుకున్నాను.

"ఇది మన పక్కది కాదు పాపా. ఆ కొండమీద గాలి ఫ్యాన్లు ఉండాయి గదా, వాటికి అవతల ఒక దేశం ఉండాది. ఆ దేశమోళ్ల కొమ్ము ఇది. మనోళ్లు కొమ్ము ఊదుతారు, వాళ్లు పీలుస్తారు. ఆ పాట బయటికి రాదు, ఒంట్లోకి పోతాది."

మొదటి గుండు లేస్తే ఆ దేశంలో కోళ్లు లేస్తాయట. రెండోది లేస్తే గొర్రెలు. మూడోది లేస్తే మబ్బు లేస్తుందట. వాన మొహం చూడని మా సీమలో పిల్లకు ఏ కథ చెప్పాలో ఆయనకు బాగా తెలుసు.

రోజూ సాయంత్రం అరుగు మీద కచేరీ. ఆయన పీల్చేవాడు, గుండు టక్కుమని లేచేది, పాప కోడిలా కూసేది. "కోళ్లూ గొర్రెలేనా, మీ దేశంలో చీపురు పట్టేవాళ్లు ఎవురూ లేరా?" అని నేను ఎగతాళి చేసేదాన్ని. కానీ నా కళ్లూ ఆ మూడో గుండు మీదే ఉండేవి. అది లేస్తే మనిషి నిలబడతాడని నాకు నేనే ఒక లెక్క కట్టుకున్నాను. దేవుడి మొక్కుల మీద కూడా నాకు అంత నమ్మకం లేదు.

ఒకసారి రెండోది పైదాకా లేచి నిలిచింది. ఆరోజు ఆయన ముఖం చూడాల్సింది. ఆ తర్వాత మళ్లీ లేవలేదు. ఎండలు ముదిరేసరికి మొదటిది కూడా అడుగునే వణికేది.

"ఆ దేశంలో గూడా కరువొచ్చినాది పాపా," అన్నాడు ఆయాసపడుతూ.

"అట్లయితే నేను వాయిస్తా, ఇటియ్యి నాయనా."

ఆయన డబ్బాను గుండెకు హత్తుకున్నాడు. "వద్దు. పరాయోళ్లు ముట్టుకుంటే కొమ్ము మూగబోతాది." పాప ఏడ్చుకుంటూ వీధిలోకి పోయింది. నాకు ఒళ్లు మండింది. "బిడ్డ కంటే ఆ డబ్బా ఎక్కువైపోయినాదా నీకు?" అని గట్టిగానే అరిచాను.

"పాప ఒక్క పీల్పుకే మూడూ లేపేస్తాది," అన్నాడు. "అప్పుడు నా సంగతి దానికి తెలిసిపోతాది గదమ్మే."

వంటింట్లోకి పోయి పొయ్యి ముందు కూర్చుని ఏడ్చాను.

శనక్కాయ విత్తనం వేసే అదనులో ఆయన పోయాడు. కర్మలయ్యాక చుట్టాలు వెళ్లిపోయారు. మరుసటి ఉదయం రొట్టెలు తడుతుంటే అటక కింది నుంచి టకటకమని చప్పుడు వినిపించింది. పాప గొట్టం నోట్లో పెట్టుకుని ఉంది. మూడు గుండ్లూ పైన అంటుకుని ఉన్నాయి.

"అమ్మా! మూడూ లేసినాయి!" అని నవ్వింది. మళ్లీ పీల్చింది. మళ్లీ మూడూ లేచాయి. ఈసారి నవ్వలేదు. గుండ్ల వైపు చాలాసేపు చూసింది.

"నాయనకు ఇంత గాలి గూడా లేకపాయనా అమ్మా?"

ఆ దేశం గురించి ఏదో ఒకటి చెబుదామని నోరు తెరిచాను. ఆయనకు వచ్చినట్టు నాకు రాలేదు.

"లేకపాయ తల్లీ," అన్నాను.