సాంచా ఆపి విన్న రాగం

నాకప్పుడు పదిహేడేళ్లు. ఆ వయసులో బొమ్మల సినిమా చూసి ఏడ్చానంటే మా వీధిలో ఎవరైనా నవ్వుతారు. నవ్వనీ. సేటు వాళ్ల మేడ మీద వీసీఆర్‌లో చూసిన ఆ ఇంగ్లీషు సినిమాలో నాకు ఒక్క మాట అర్థం కాలేదు. కొంగపిల్ల వరదలో తల్లికి దూరమైనప్పుడు ఎన్నో వయొలిన్లు ఒక్కసారిగా లేచాయి. అదొక్కటే అర్థమైంది.

ఏడాదికి దాని రెండో భాగం క్యాసెట్ వచ్చింది. ఆ మధ్యాహ్నం సేటు పిల్లలు దాన్ని పెట్టుకున్నారు. కింద వాళ్ల మరమగ్గాల కార్ఖానాలో మిగతా సాంచాలన్నీ అన్నాలకు ఆగాయి. నాయిన మాత్రం తన సాంచాను నాకు అప్పజెప్పి, వెనక సందులోని మా ఇంటికి తినడానికి వెళ్లాడు. చాదర్ దుప్పటి నేత సగంలో ఆపితే బట్టలో అడ్డంగా గీత పడుతుంది. ఆయన చాదర్‌లో గీత ఎవరూ చూసి ఎరగరు. పోగు తెగితే తప్ప ఆపొద్దని చెప్పి మరీ వెళ్లాడు.

సాంచా చప్పుడులోంచే, మేడ మీంచి మొదటి సినిమాలోని ఆ వయొలిన్ల రాగం వినిపించింది. ఈసారి నెమ్మదిగా వాయిస్తున్నారు, కొంగ పెద్దదై మళ్లీ ఆ నదికే వచ్చిందేమో. ఉండబట్టలేక సాంచా ఆపేశాను. మెట్ల కింద నిలబడి చివరిదాకా విన్నాను. వచ్చి, గీత పడకుండా సాంచాను కాస్త వెనక్కి తిప్పి మొదలుపెట్టాలని కూడా తోచక, అలాగే నడిపించాను.

సాయంత్రం సేటు చాదర్‌ను వెలుతురుకు పట్టి చూశాడు. సన్నటి గీత. నేను తేలు కుట్టిన దొంగలా నిలబడ్డాను. నాయిన నావైపు చూడలేదు.

"కండ్లు మునుపటి లెక్క లేవు సేట్. తప్పు నాదే," అన్నాడు.

మర్నాటి నుంచి ఆయనకు టవళ్లే ఇచ్చారు. మళ్లీ ఆయన చేత చాదర్ నేయించలేదు. ముసలోడివయ్యావని మా పేటలోని కొంతం చౌక్‌లో తోటివాళ్లు ఆటపట్టిస్తే నవ్వి ఊరుకునేవాడు. చెప్పేద్దామని ఎన్నిసార్లు అనుకున్నానో. పిరికిదాన్ని, చెప్పలేదు.

కొన్నేళ్లకు మా ఇంటికీ టీవీ వచ్చింది. ఒక ఆదివారం ఆ రెండో భాగమే వేశారు. రాగం మొదలవగానే లేచి బంద్ చేయబోయాను. నాయిన చెయ్యి పట్టి ఆపాడు.

"ఉండనియ్ బిడ్డా. ఆ దినం అన్నం తింటుంటె సప్పుడు ఆగింది. నా సాంచా నాకు తెల్వదా? ఎంగిలి చెయ్యితోనే ఉరికొచ్చిన. నువ్వు మెట్ల కింద నిలబడి ఏడుస్తున్నవ్. మల్ల ఎనక్కి పోయిన."

ఆయన టీవీ దగ్గరికి జరిగి, ఏళ్ల తరబడి సాంచాల హోరు విన్న చెవిని దానికి ఆనించి కూర్చున్నాడు.

"కొంచెం పెంచు. నేనూ ఇంట," అన్నాడు.

సౌండ్ అప్పటికే చివరిదాకా ఉంది.