మిరప కల్లంలో నా క్లోజప్పు

మా అమ్మాయి కొనిచ్చిన కొత్త ఫోను నా మొహం చూపిస్తే గాని తెరుచుకోదు. మొన్న గడ్డానికి సబ్బు నురగ పూసుకుని ఎదురుగా నిలబడినా ఇట్టే పోల్చుకుని, సలాము కొట్టినంత పని చేసింది. ఇదే మొహాన్ని ఒకప్పుడు తెరమీద ఒక్క క్షణం చూపించడానికి నేను పడ్డ పాట్లు మన ఈడు వాళ్ళకి చెబితేనే అర్థమవుతాయి.

తొంభైల చివర్లో గుంటూరులో కరాటే నేర్చిన నేను కాలు విసిరితే, ఆ గాలికి కనిగిరి కొండమీద మేకలు పక్కకి ఒరిగేవని జనం చెప్పుకునేవాళ్ళు. మొదట చెప్పింది నేనే అనుకోండి. ఆ కాలి పుణ్యమా అని చవక ఫైటింగు సినిమాల్లో డూపు వేషాలొచ్చాయి. మా హీరోగారు గడప దాటడానికే ముహూర్తం చూసుకునే మనిషి గనక, ఆయన చొక్కా, ఆయన విగ్గు తగిలించుకుని తన్నడం, ఎగరడం, అద్దాలు పగలగొట్టడం నా వంతు, చివర్లో ఇటు తిరిగి నవ్వడం మాత్రం ఆయన వంతు. అలా తొమ్మిది సినిమాల్లో నా మొహం పడలేదు. ప్రతిసారీ అమ్మతో మొదటాటకి వెళ్ళే మా పిన్ని, "అక్కా, మనవాడు గేటు దగ్గర టికెట్లు చింపే వేషం వేశాడేమోనే, లోపల మాత్రం లేడు" అని వీధి చివరిదాకా వినపడేలా ఎత్తిపొడిచేది. అమ్మ ఏమీ అనేది కాదు. పదో సినిమాలో అమ్మకి నా మొహం చూపించి తీరాలని ఒట్టు పెట్టుకున్నాను.

దర్శకుడుగారి చుట్టూ చెప్పులరిగేలా తిరిగితే రౌడీ వేషం, దాంతో ఒక క్లోజప్పు దక్కాయి. ట్రాక్టరు మీదనుంచి కల్లంలో ఎండుమిరపకాయల రాశిలో పడి, లేచి, రెప్ప వెయ్యకుండా కెమెరాలోకి చూడాలి. ఆయన మిరపకాయని కూరలో తప్ప చూసినవారు కాదు. ఎర్రగా పట్టుపరుపులా ఉందని మురిసిపోయారు. ఏం జరుగుతుందో నాకు తెలుసు. చెబితే షాటు మార్చేస్తారని నోరు కుట్టేసుకున్నాను.

అక్కడ తాలుకాయలు ఏరే ఆడకూలీలందరూ ముక్కుకి గుడ్డ కట్టుకునే ఉన్నారు. వాళ్ళలో పెద్దామె కేకేసింది. "ఒరేయ్ అబ్బాయ్, తువ్వాలు చుట్టుకోరా, కళ్ళు పోతాయ్!"

"చుట్టుకుంటే మొహం కనపడదు పెద్దమ్మా!"

"అబ్బో, ఆ మొహానికి అంత సంబరం కూడానా!"

దూకాను. లేచిన ఘాటుకి యూనిట్టు యూనిట్టంతా తుమ్ముకుంటూ పరుగెత్తి తాడేపల్లి దగ్గర కృష్ణలో మునిగారని ఇప్పటికీ నా నమ్మకం. తడి తువ్వాలు చుట్టుకున్న కెమెరామన్ ఒక్కడే మిగిలాడు. కళ్ళల్లో నిప్పులు పోసినట్టుంది. రెప్ప వాలిందా, ఈ సినిమా కూడా పోయినట్టే. పళ్ళు బిగించి, అతను కెమెరా ఆపేదాకా అలాగే చూశాను.

సినిమా వచ్చింది. తెరనిండా నా మొహమే, గుమ్మడికాయంత వాచి, కుంకం భరిణెలో ముంచి తీసినట్టు. హాలంతా ఈలలు. నేను మాత్రం అమ్మనే చూస్తున్నాను. బయటికొచ్చాక ఆవిడ దిగులుగా అంది.

"తొమ్మిదింట్లోనూ నువ్వు కాలెత్తగానే పట్టేశానురా. చిన్నప్పుడు పాలగిన్నె తన్నినట్టే తన్నేవాడివి. పిన్నికి చెబితే దిష్టి తగులుతుందని ఊరుకున్నాను. ఇందులోనే, ఎంత వెతికినా కనపడలేదు."

ఇప్పుడు తాళ్ళు కట్టి ఎగరేస్తున్నారు, ఒకరి ఒంటికి ఇంకొకరి మొహం కంప్యూటరే అతికిస్తోంది. ఆ హాళ్ళన్నీ కల్యాణమంటపాలయ్యాయి. అమ్మ పోయి చాలా ఏళ్ళయింది. నా కాలు ఇప్పుడు మోకాలెత్తుకి కూడా లేవదు. లేచినా, అది నాదేనని చీకట్లో పోల్చుకునే మనిషి లేదు.