ఐమూలగా కోయాల్సిన ముక్క

మా ఇంట్లో ఒక సంగతి తప్పుగా చెలామణి అవుతోంది. నా చెల్లెలు ఒకప్పుడు జపాన్ గాయని బట్టల కంపెనీకి సాంపుల్ కుట్టిందనీ, ఆ కుట్టు వాళ్లకు నచ్చలేదనీ, అందుకే ఆమెను సాంపుల్ టేబుల్ మీద నుంచి లేపేశారనీ మా అమ్మ చర్చికి వచ్చే వాళ్లందరికీ చెప్తుంది. కుట్టిన బట్ట జపాన్ దాకా పోయింది కదా అని గర్వంగానే చెప్తుంది. ఈ మధ్య నా మేనకోడలు, పదేళ్ల పిల్ల, "అమ్మా, నిన్ను జపానోళ్లు ఫెయిల్ జేసిన్రంట గదా" అని నవ్వింది. తప్పు చెల్లెలి చేతిది కాదు, నా కత్తెరది. అమ్మకు ఒకసారి చెప్పి చూశాను. "చెల్లె మీద పావురంతోని చెప్తున్నవ్ తియ్యి" అని, ప్రేమ కొద్దీ తప్పు నెత్తిన వేసుకుంటున్నాననుకుని కొట్టిపారేసింది. నోటిమాట నిలవలేదు కాబట్టి కాగితం మీద పెడుతున్నాను.

నేను పదో తరగతి తర్వాత బడికి పోలేదు. నల్లగొండ వైపు నుంచి వచ్చి నాచారం పారిశ్రామికవాడలో ఒక రెడీమేడ్ బట్టల కంపెనీ కటింగ్ సెక్షన్‌లో చేరాను. చదువు మాత్రం ఆపలేదు. ఉప్పల్ శాఖా గ్రంథాలయానికి శుక్రవారం సెలవు, మా కంపెనీకి ఆదివారం సెలవు. అది నా అదృష్టం. ఆదివారం ఆరాధన అయిపోగానే అక్కడికి పోయి సాయంత్రం దాకా కూర్చునేవాణ్ని. పాత వారపత్రికలు, విజ్ఞాన సర్వస్వాలు, భూగోళం, తర్వాత నిఘంటువు పక్కన పెట్టుకుని ఇంగ్లీషు. తెలిసిందంతా నోటు పుస్తకంలో రాసుకునేవాణ్ని. కంపెనీలో ఎవరికి ఏ సందేహం వచ్చినా నా దగ్గరికే వచ్చేవారు. వాళ్లు రావడం నాకు ఇష్టంగా ఉండేది, దాచను.

చెల్లెలు అదే కంపెనీలో కుట్టు లైన్‌లో పని చేసేది. లైన్ అంటే ఒకరు కాలరే కుడతారు, ఒకరు చేతులే అతుకుతారు, ఒకరు జేబులే. ఏడాదంతా మిషన్ తొక్కినా ఒక్క చొక్కా మొదలు నుంచి చివరిదాకా కుట్టినట్టు కాదు. సాంపుల్ టేబుల్ దగ్గర అట్లా కాదు. కొనేవాళ్లకు చూపడానికి చేసే మొదటి బట్టను ఒక్క మనిషే పూర్తిగా కుట్టాలి. మా మాస్టర్ సాబ్ పాతబస్తీ నుంచి వచ్చే పెద్దాయన. కాగితం మీద నమూనాలు గీసేది ఆయనే. చెల్లెలి చేతి పని చూసి ఆయనే ఆమెను టేబుల్ మీదికి తీసుకున్నాడు. ఆ మొదటి రోజు ఆమె ఇంటికి వచ్చి అన్నం కూడా తినకుండా, తాను కుట్టిన బట్ట ఎట్లా ఉందో చేతులతో గాలిలో గీసి చూపించింది. అప్పటికి ఆమెకు పందొమ్మిదేళ్లు.

ఆమె టేబుల్ మీద కుదురుకున్న ఐదో నెలలో ఆ జపాన్ ఆర్డర్ వచ్చింది. ఉప్పల్ రోడ్డు మీద మెట్రో స్తంభాల ఊసు కూడా లేని రోజులు. ఆర్డర్లు చూసే మేడం ఒక రంగుల పుస్తకం తెచ్చి టేబుల్ మీద పెట్టింది. ప్రతి పేజీలో ఒకే అమ్మాయి. ఒక బొమ్మలో మైకు పట్టుకుని పాడుతోంది, ఒక బొమ్మలో ఏదో టీవీ నాటకంలో నర్సు వేషంలో ఉంది, చివరి పేజీల్లో చేతిలో కొలత టేపుతో నిలబడి ఉంది. ఆ బట్టలన్నీ ఆమే రూపొందించిందట. మాకు వచ్చిన పని పొడుగు చేతుల, వదులైన ఒక టాపు.

"పాడ్తది, ఆక్టింగ్ జేస్తది, కపడా గూడ జేస్తది. మరి నిద్ర ఎప్పుడు పోతదంట?" అన్నాడు మాస్టర్ సాబ్.

అందరూ నవ్వారు. నేను నవ్వలేదు. నాకు అనుమానం అప్పుడే పుట్టింది.

ఆదివారం గ్రంథాలయంలో వెతికితే ఆమె పేరు ఎక్కడా లేదు. హబ్సిగూడలో ఇంటర్నెట్ సెంటర్‌కు పోయి గంటసేపు కూర్చున్నాను. పదిహేనేళ్ల వయసులో పాటలు మొదలుపెట్టింది, తర్వాత నాటకాలు, సినిమాలు, తర్వాత సొంత బట్టల దుకాణం. అంతా సాఫీగా ఉంది. అంత సాఫీగా ఉండడమే నాకు నచ్చలేదు. మన సినిమాలు చూసి పెరిగినవాణ్ని నేను. తెర మీద పెదాలు కదిపేది ఒకరు, పాట పాడేది ఇంకొకరు, మాటలు చెప్పేది మరొకరు, వేసుకున్న బట్టలు కుట్టేది ఎక్కడో నాలుగో మనిషి. పేరు మాత్రం ఒక్కరిది. జపాన్‌లో మాత్రం వేరుగా ఎందుకు ఉంటుంది? పైగా మా కంపెనీలోనే ఎన్ని లేబుళ్లు చూడలేదు. లేబుల్ మీద ఉన్న పేరు గల మనిషి ఆ బట్టను ఒక్కసారి కూడా ముట్టుకుని ఉండదు. నోటు పుస్తకంలో ఆమె పేరు రాసి, కింద 'ముగ్గురు లేక నలుగురు' అని రాసుకున్నాను.

ఆ మాట మధ్యాహ్నం అన్నాల దగ్గర చెల్లెలికి చెప్పాను.

"నేను గూడ కాయిర్ల పాడ్త. క్రిస్మస్ నాటకంల మరియమ్మ ఏస్త. అందరి బట్టలు నేనే కుడ్త. నేను గూడ నలుగురినా అన్నా?" అంది.

"నువ్వు నాచారం చర్చిల చేస్తున్నవ్. ఆమె దునియా మొత్తంల చేస్తున్నదంట."

"అయితే ఆమెకు మిషన్లు ఎక్కువున్నయ్ గంతే," అని ఊరగాయ నా గిన్నెలో వేసింది.

చెల్లెలు కుట్టిన మొదటి సాంపుల్ జపాన్ పోయి తిరిగి వచ్చింది. చేతులు పైకెత్తితే అంచు కూడా పైకి లేస్తోంది, లేవకూడదు అని ఒక కాగితం దానితో వచ్చింది. మాస్టర్ సాబ్ చంక కింద ఒక చిన్న చతురస్రపు ముక్క వేయించాడు. కుర్తాలకు మన దర్జీలు ఎప్పటి నుంచో వేసేదే. రెండోది కూడా తిరిగి వచ్చింది. ముక్క వేయడం బాగుంది, కానీ దాన్ని ఐమూలగా, అంటే మూలవాటంగా, కోయండి అని ఉంది. బట్టను నిలువు దారం వెంట కోస్తే అది సాగదు, మూలవాటంగా కోస్తే సాగుతుంది. ఇది దర్జీలందరికీ తెలుసు.

అప్పుడు మేడం టేబుల్ దగ్గరికి వచ్చి అందరి ముందే చెప్పింది. "మూడోది కూడా రిజెక్ట్ అయితే టేబుల్ మీద కొత్త మనిషిని పెట్టమంటున్నరు పైనోళ్లు. నా చేతిల ఏం లేదు."

చెల్లెలు తల ఊపింది.

ఇక నా పని. మాస్టర్ సాబ్ కాగితం నమూనా మీద మూలవాటంగా బాణం గీసి నాకు ఇచ్చాడు. ఆ బాణం నిలువు దారానికి సమాంతరంగా వచ్చేట్టు నమూనా పెట్టి కోయాలి. నేను నిలబడి ఆ బాణం వైపు చాలాసేపు చూశాను. కొనేవాళ్ల ఆఫీసుల్లో పని చూపించుకోవడానికి ఏవో వంకలు పెట్టి సాంపుళ్లు తిప్పి పంపడం మేం ఎరుగుదుం. ఇదీ అదేనని, ఎవరూ వేసుకుని చూసి రాసింది కాదని నాకు గట్టిగా అనిపించింది. తేల్చుకోవడానికి ఒక దారి కూడా తట్టింది. ముక్కను నిలువుగానే కోస్తాను. కొలత అదే, ఆకారం అదే, రంగు అదే. ఆఫీసులో కూర్చున్న గుమాస్తాలు అయితే టేపు పెట్టి కొలిచి, ఒప్పుకున్నట్టు సీలు వేస్తారు. నిజంగా వేసుకుని చేయి ఎత్తి పాడే మనిషి ఉంటే తప్ప తేడా తెలియదు. శాస్త్రవేత్తలు ఇట్లాగే పరీక్షలు చేస్తారని నేను చదివాను. పరీక్షలో పణంగా పెట్టింది ఎవరి కుర్చీ అన్నది ఆ నిమిషంలో నాకు గుర్తుకు రాలేదని రాయాలని ఉంది. గుర్తుకు వచ్చింది. సీలు పడుతుందన్న నమ్మకం అంతకంటే బలంగా ఉంది.

నిలువుగా కోశాను. రెండు ముక్కలు, మిగతా భాగాలతో కలిపి కట్ట కట్టి చెల్లెలి టేబుల్ మీద పెట్టాను. ఆమె ఆ ముక్కల్లో ఒకటి తీసి, రెండు చేతుల బొటనవేళ్లతో కొంచెం లాగి, నా వైపు చూసి, మిషన్ కింద పెట్టింది. నేను నా బల్ల దగ్గరికి పోయాను.

మూడు వారాల తర్వాత పార్సిల్ వచ్చింది. సీలు లేదు. కాగితంతో పాటు ఒక ఫొటో ఉంది. ఒక స్త్రీ ఆ టాపు వేసుకుని చేయి పూర్తిగా పైకెత్తి నిలబడింది. ఫొటో పెదాల దగ్గర తెగిపోయింది, కళ్లు కనబడవు. చంక దగ్గర ఎర్ర పెన్సిల్‌తో గుండ్రంగా గీసి ఉంది. కాగితం మీద రాసింది మేడం చదివి చెప్పింది. ముక్క నిలువుగా కోశారు, రెండు పాటలు పాడేసరికి చంక దగ్గర పట్టేసింది, చెప్పింది చేయని చోట పని ఇవ్వలేము.

"నిలువుగ ఎట్ల వచ్చింది?" అని మాస్టర్ సాబ్ నమూనా కాగితం తీసి బాణం చూసుకున్నాడు. ఆయన బాణం సరిగానే ఉంది. నా వైపు చూశాడు. నేను ఫొటో వైపు చూస్తున్నాను. ఆ క్షణంలో కూడా నేను ఆ పెదాలు రంగుల పుస్తకంలోని పెదాలేనా కాదా అని పోల్చుకుంటున్నాను. అంత మూర్ఖంగా ఉన్నాను.

"కుట్టేటప్పుడు ముక్క తిరగబడ్డదేమో," అంది చెల్లెలు.

అది కుదరని మాట. ముక్కను ఎటు తిప్పి అతికినా దారం పోత మారదు. మాస్టర్ సాబ్‌కు ఆ సంగతి తెలుసు, మేడంకు తెలియదు. మేడం రాసుకుంది. మాస్టర్ సాబ్ కళ్లజోడు తీసి తుడుచుకుని నమూనా కాగితం మడిచి లోపల పెట్టాడు. కోసిందే అట్లా అని నేను చెప్పలేదు.

మరునాటి నుంచి చెల్లెలు లైన్‌లో ఉంది. ఎడమ చేయి అతికే పని. కుడి చేయి అతికేది వేరే అమ్మాయి. రెండేళ్లు ఆ ఎడమ చేతులే కుట్టింది. పెళ్లయ్యాక మానేసింది.

నా అనుమానం మాత్రం మానలేదు. తర్వాత కూడా ఇంటర్నెట్ సెంటర్‌కు పోయాను. ఆ గాయని పాట ఒకటి విన్నాను. ఊపిరి తీసుకునే చప్పుడు వినబడుతోంది. అంటే ఎవరో నిజంగా పాడారు. ఎవరు? ఫొటోలో చేయి ఎత్తిన మనిషి ఆమేనా, ఆమెలాంటి కొలతలున్న ఆఫీసు అమ్మాయా? నాకు నేటికీ తెలియదు. ఇంత తిరిగి నాకు దొరికింది ఒక్కటే. ఎవరో ఒకరు ఆ బట్టను నిజంగా తొడుక్కుని, పాడి చూసి రాశారు.

తెలంగాణ వచ్చిన ఏడు చెల్లెలికి చెప్పాను. అప్పటికి ఆమె ఏఎస్ రావు నగర్‌లో ఒక బ్లౌజుల దుకాణంలో పని చేస్తోంది. మధ్యాహ్నం పోయాను. ఆమె ఎవరిదో పాత జాకెట్ కుట్లు విప్పుతోంది. దుకాణం ఆవిడ భోజనానికి పోయింది. నేను మొదటి నుంచి చెప్పాను, బాణం సంగతి, పరీక్ష సంగతి. చెల్లెలు కుట్లు విప్పుతూనే ఉంది.

"నాకు ఎరుకే," అంది.

"ఎప్పుడు తెలిసింది?"

"లాగి సూసిన గద. సాగలే. గప్పుడే."

"మరి నన్ను అడగకపోతివి. ఇంకో ముక్క కోసిచ్చేవాణ్ని గదా."

ఆమె బ్లేడు పక్కన పెట్టింది. "నువ్వు సదివినోనివి. ఆదివారమంతా గా లైబ్రరీల కూసుంటివి. జపాన్ సంగతి నీకు ఎరుకున్నట్టు నాకు ఎరుక లేదు గదా. ఏదో సూసే గిట్ల కోసినవనుకున్న. నిన్ను అడుగుడేందని కుట్టిన."

నేను అక్కడున్న స్టూలు మీద కూర్చున్నాను. నేను ప్రపంచంలో ప్రతి ఒక్కరినీ అనుమానించాను, ఆ జపాన్ అమ్మాయిని, మేడాన్ని, కొనేవాళ్లను. చెల్లెలు ఒక్కసారైనా నన్ను అనుమానించి ఉంటే ఆమె కుర్చీ ఆమెకు ఉండేది.

"ఇగ లే. గిరాకీ వస్తది," అంది. లేచాను.

ఇది రాయడానికి సాయం చేసినవాళ్ల పేర్లు ఇక్కడ వేయాలని ఉంది. కానీ ఎవరి పేరూ వేయవద్దని చెల్లెలు షరతు పెట్టింది. పేర్లు లేకుండానే మొక్కుతున్నాను. నా తప్పు తెలిసి కూడా నన్ను పట్టివ్వని మాస్టర్ సాబ్‌కు. ఆయన ఇప్పుడు లేడు. ఆ కాగితాన్ని చదివి చెప్పిన మేడానికి. గ్రంథాలయంలో బల్ల మీద తాళం చెవులు పెట్టి నేను లేచేదాకా ఓపిక పట్టిన ఉద్యోగికి. చేయి ఎత్తి నిలబడిన ఆ స్త్రీకి, ఆమె ఎవరైనా సరే. చివరగా నా చెల్లెలికి. రాసింది చదివి వినిపించాను. మొత్తం విని, "మా పిల్లకు సదివి వినిపియ్యి, అమ్మకు గూడ," అంది. వచ్చే ఆదివారం ఇద్దరినీ కూర్చోబెట్టి వినిపిస్తాను.