కాలువ గట్టు మీద నక్కల జంట

మా ఆయన పోయాక ఆయన ఉద్యోగం నాకిచ్చారు. ఆత్రేయపురం దగ్గర ఒక కాలువ లాకు మీద లస్కరు పని. తెల్లవారుజామున ఒకసారి, సందెవేళ ఒకసారి గట్టు వెంట నడిచి వెళ్లి నీటిమట్టం చూసి ఆఫీసుకు ఫోనులో చెప్పాలి. క్వార్టర్సులో నేనొక్కదాన్నే. చాలా రోజులు ఆ ఫోను తప్ప నోరు విప్పే అవసరమే ఉండేది కాదు.

అందుకే కాబోలు, నక్కల జంట మీద మనసు పడింది. నేను నీళ్లు చూసే వేళకే అవీ గట్టు దాటేవి. పగలంతా చెరుకు తోటలో పడుకుని, సందెచీకట్లో అవతలి వరిచేలకు ఎలకల కోసం, పీతల కోసం వెళ్లేవి. పూర్తిగా తెల్లారకముందే తిరిగొచ్చేవి. ఆడది కొంచెం కుంటేది. మగది ముందు గట్టెక్కి, అది వచ్చేదాకా కదిలేది కాదు.

మూడేళ్లలో వరిచేలన్నీ చేపల చెరువులయ్యాయి. చెరుకు తోట ఒక్క ముక్క మిగిలింది. గట్టు మీద తారు పోశారు. చీకటి విడకముందే చేపల లారీలు మొదలయ్యేవి. ఒక పొద్దున ఆడనక్క రోడ్డు పక్కన పడి ఉంది. ఒళ్లింకా వెచ్చగానే ఉంది. పార తెచ్చి నేనే పూడ్చాను. ఆ సాయంత్రం మగది గట్టెక్కి, ఎప్పటిలాగే ఆగి వెనక్కి చూస్తూ నిలబడింది. లారీ హారను కొడితే గానీ కదల్లేదు. నేనూ చాలాసేపు ఇంటికి వెళ్లలేకపోయాను.

తర్వాత పక్క చెరువు రైతు గట్టు పొడవునా వల కట్టించాడు. వారం తిరక్కముందే నక్క అందులో చిక్కుకుంది. నేను చూసేసరికి గింజుకునే ఓపిక కూడా లేదు. కొడవలి తెచ్చి వల కోశాను. అది తూలుకుంటూ తోటలోకి పోయింది. రైతు వచ్చేదాకా అక్కడే కూర్చున్నాను.

"వల నేనే కోశానండి."

"ఎందుకమ్మా?"

"నక్క పడిందండి. దానికి వేరే దారి లేదు."

ఆయన చిరుగు వైపు చూశాడు. "చేపలు మిగలట్లేదనే కట్టానమ్మా, సరదాకి కాదు," అన్నాడు. తెగిన అంచులు దగ్గరకు లాగి, "దానికెంత జాగా కావాలి?" అని అడిగాడు.

చేతులు చాపి చూపించాను. మర్నాడు మూల దగ్గర అంత సందు వదిలిపెట్టి వల కట్టించాడు.

కొన్నాళ్లు నక్క అందులోంచే వచ్చి వెళ్లింది. చెరుకు కొట్టేశాక ఆ తోట కూడా చెరువైంది. నక్క మళ్లీ కనబడలేదు.

మొన్న రైతు బండి ఆపి అడిగాడు. "వస్తోందా అమ్మా?"

"లేదండి."

"ఎటో వేరే చోటికి పోయుంటుందిలేమ్మా."

"ఎటు పోతుందండీ?"

ఆయన చుట్టూ ఉన్న చెరువుల వైపు చూశాడు. బండి స్టార్టు చేశాడు.