దేవదానంగారి దొర

ఈ ఉదయం అల్ ఖువైర్‌లో మా ఆఫీసు లిఫ్ట్ ఎక్కగానే కొబ్బరినూనె వాసన తగిలింది. ముందు నిలబడ్డ ఎవరి తలదో. నాకు మాత్రం దేవదానంగారి ముఖం గుర్తొచ్చింది. నాటకం అయ్యాక ఆయన ఆ నూనెతోనే రంగు తుడుచుకునేవారు.

ఆయన జీవితమంతా నాటకాల్లోనూ సినిమాల్లోనూ చిన్న వేషాలే వేశారు. భటుడు, నౌకరు, చావు కబురు తెచ్చేవాడు. ముఖం అందరికీ తెలుసు, పేరు ఎవరికీ తెలియదు. చివరి రోజుల్లో, ఈ అరబ్బు దేశంలోనే నర్సుగా పనిచేసే కూతురు గ్రేస్ దగ్గర, సీబ్ ఊళ్లో ఉండేవారు. ఒకసారి అక్కడి దుకాణంలో నిజామాబాద్ మేస్త్రీ ఒకతను ఆయన్ని ఆపాడు.

"సార్, మీరు సిన్మాల సచ్చిపోయేటోళ్లు గదా?"

"చాలాసార్లు చచ్చానయ్యా. ఏ చావు నచ్చింది నీకు?" అన్నారాయన, మురిసిపోతూ.

మా తాతగారికి చెప్పులు తొడగడానికే ఒక మనిషి ఉండేవాడట. నేను పుట్టకముందే మా దివాణం వేలానికి పోయింది. నాకు మిగిలింది నిటారైన వెన్ను ఒక్కటే. దాన్ని చూసి ఇక్కడి తెలుగువాళ్లు నన్ను "దొరవారు" అని ఎగతాళి చేసేవారు. దేవదానంగారు మాత్రం ఉగాది నాటకంలో నాకు దొర వేషమిచ్చి, చెప్పులు తొడిగే నౌకరు వేషం తాను తీసుకున్నారు.

అప్పటికే ఆయన గుండె బలహీనపడింది. ఇదే ఆఖరి వేషమన్న షరతు మీద గ్రేస్ ఒప్పుకుంది. "అన్నయ్యా, నాన్న లేవలేకపోతే వెంటనే పట్టుకోండి," అని నాకు చెప్పింది. ఆమె అటు వెళ్లగానే ఆయన గొంతు తగ్గించారు.

"పట్టుకోకండి బాబుగారూ. పట్టుకుంటే జనానికి రోగి కనబడతాడు, నా నౌకరు పోతాడు. దొర నౌకరు వంక చూడడు. అది మీకు నేను నేర్పాలా?"

నాటకంలో ఆయన నాకు చెప్పులు తొడిగారు. లేవబోయి ఆగిపోయారు. నా మోకాలి దగ్గర ఆయన ఊపిరి ఎగశ్వాసగా వినిపిస్తోంది. ముందు వరసలో గ్రేస్ లేచి నిలబడింది. నేను జనం తలల మీదుగా గోడవైపే చూశాను. ఆయన నా కుర్చీ కాలు పట్టుకుని, భుజం మీది తువాలుతో దాని దుమ్ము దులుపుతూ, ఆ దులుపుడులోనే కొంచెం కొంచెంగా పైకి లేచారు. వంగిన నడుముతో వెనక్కి నడిచి వెళ్లిపోయారు. హాలంతా చప్పట్లు.

లోపల ఆయన ముఖానికి నూనె రాస్తూ గ్రేస్ నన్ను చూసి, "మీరసలు మనిషేనా?" అంది.

"తిట్టకే అమ్మా," అన్నారాయన కళ్లు మూసుకునే. "ఇన్నేళ్లకి సరైన దొర పక్కన ఆడాను."

ఆ తర్వాత ఎన్నాళ్లో గడవకముందే ఆయన పోయారు. శవపేటికను స్వదేశానికి పంపే రోజు అందరూ ఏడ్చారు. నేను తల దించలేదు. "దొరవారికి గుండె లేదు," అన్నారెవరో వెనక. దించితే అక్కడే కూలబడిపోతానని వాళ్లకు తెలియదు.

ఇవాళ లిఫ్ట్‌లోనూ, తలుపు తెరుచుకునేదాకా, పైన వెలుగుతున్న అంకెల వైపే చూస్తూ నిలబడ్డాను.