పలకరాయి గద్దె

మద్రాసులో నా ఉద్యోగం టెలిఫోను పట్టుకోవడం. ఒక ఎగుమతుల కంపెనీ ఆఫీసులో పొద్దున నుంచి సాయంత్రం దాకా రిసీవరు నా చేతిలోనే ఉండేది. ముక్కు మీద కోపం నాకు పుట్టుకతోనే ఉంది. ఆ ఉద్యోగంలో దానికి పని దొరికింది, అంతే.

సింగపూరు జపాను వాళ్ళ చేతికి పోయింది. మద్రాసు మీద కూడా బాంబులు పడతాయన్న మాట పుట్టి వీధులకు వీధులే ఖాళీ అయ్యాయి. ఆఫీసు మూసేశారు. నాన్న నన్ను రైలెక్కించాడు. మార్కాపురం రోడ్డు స్టేషన్లో దిగి, ఎద్దుల బండిలో కొనకనమిట్ల వైపు మా మేనమామ ఊరు చేరాను. అప్పటికి నాకు ఇరవై ఒకటి. కొన్నాళ్ళు కుడిచెయ్యి ఊరికే చెవి దగ్గరికి పోతుండేది. ఈగ వాలిందేమో అని మా అత్త అనుకునేది.

మామది సేద్యం. దాంతోపాటు ఊరి దేవర తిరునాళ్ళకు తారాజువ్వలు లేపే పని తాతల నాటి నుంచీ వాళ్ళింటిది. మందు దట్టించి జువ్వలు కట్టేవాళ్ళు గిద్దలూరు వైపు వేరే ఉన్నారు. అవి బండిలో వచ్చేవి. వాటిని నిలబెట్టే గద్దె కట్టడం, దాని మీద నుంచి ముట్టించడం మామ పని.

ఆయనకు ఒక్కడే కొడుకు, నాకు బావ. పటాలంలో చేరి ఓడెక్కాడు. చివరి ఉత్తరం సింగపూరు నుంచి వచ్చింది. ఆ తర్వాత ఏమీ రాలేదు.

ఆ ఊళ్ళో ఒక పద్ధతి ఉంది. దూరదేశం పోయినవాళ్ళు ఎవరైనా ఉంటే తిరునాళ్ళనాడు వాళ్ళ పేరు మీద ఒక పెద్ద జువ్వ లేపుతారు. దాని తోకబద్దకు ఆ మనిషి పాత బట్ట పేలిక కడతారు. నిటారుగా లేచి పైన పేలితే మనిషి క్షేమంగా ఉన్నట్టు. వంకరపోతే ఇక ఆ ఇంట్లో ఎవరూ ఆ మనిషి సంగతి ఎత్తరు. రంగూను పోయిన కూలీల కోసం కూడా ఇలాగే లేపారట. ఆ ఏడాది ఉన్నది ఒక్కటే పేరు, బావది. అత్త అతని చొక్కా ఒకటి చింపి పేలిక ముందే తీసిపెట్టుకుంది. రోజూ అన్నం వార్చాక ఒక ముద్ద విడిగా తీసి బావ పేరు చెప్పి ఆవుకు పెట్టేది.

గద్దె ఎప్పుడూ ఒకే చోటేనా అని మామను ఒకసారి అడిగాను. ఊరంతా తిప్పి చూపించాడు.

"మా తాత కాలంలో గుడి ముందరే. గద్దె లేదు, పాడు లేదు. వెదురుబొంగు నేలలో పాతి, దాంట్లో జువ్వ నిలబెట్టేది. గాలికి బొంగు వాలి పందిరి కాలిపోయింది. అప్పుడు కళ్ళంలోకి మార్చినారు. అదిగో, ఆ రాతిబండ."

కళ్ళం మధ్యలో బండ ఒకటి ఉంది, నడుమ నిలువునా తొలిచిన బొక్కతో. వానాకాలం కోళ్ళు అందులో నీళ్ళు తాగుతాయట.

"ఆ బొక్కలో జువ్వ బిగుసుకోని అక్కడికక్కడే పేలింది. మా నాయనకు చేతి వేళ్ళు రెండు పోయినాయి. అప్పటినుంచి ఊరికి పడమర ఈ గులకమిట్ట మీద, మట్టి గద్దె. మట్టయితే తప్పుకుంటాది. రాయి తప్పుకోదు."

మట్టి గద్దె అంటే తేలిక పని కాదు. పుట్టమన్ను, పిడకల బూడిద, ఊక కలిపి మూడు రోజులు తొక్కాలి. ఇనప గొట్టాన్ని మూరెడు లోతు అందులో పాతి చుట్టూ అరుగులా మెత్తాలి. పది రోజులు ఆరాలి. తిరునాళ్ళ మర్నాడు దాన్ని పగలగొట్టి మట్టిని పొలంలో చల్లేస్తారు. మళ్ళీ ఏడాదికి కొత్తది.

ఆ ఏడాది తిరునాళ్ళకు రెండు వారాలే ఉంది. మిట్ట మీద పుట్టమన్ను కుప్ప పోసినది పోసినట్టే ఉంది.

"ఎప్పుడు తొక్కుతావు మామయ్యా?" అని అడిగాను.

"తొక్కుతాలే."

"నిన్నా ఇదే మాటన్నావు."

"మోకాళ్ళు లేవట్లేదు అల్లుడా."

"అయితే మనుషుల్ని పెట్టు."

"పెడతాలే."

మూడోరోజు కూడా ఇదే మాట వినేసరికి నాకు ఒళ్ళు మండింది. మద్రాసు హార్బరులో ఫిరంగులకు సిమెంటు దిమ్మెలు కట్టారు, నా కళ్ళతో చూశాను, ఇక్కడ మీరేమో ఏటా మట్టి పిసుకుతూ కూర్చుంటారు, పక్కనే మార్కాపురంలో పలకరాయి గనులుండగా ఈ తొక్కుడెందుకు అని అరిచాను. ఒక మందపాటి రాయి పరిచి దాని మీద గొట్టం నిలబెట్టి చుట్టూ చీలలు బిగిస్తే ఏటేటా పనే ఉండదన్నాను.

ఆయన పుట్టమన్ను కుప్ప వంక చూశాడు.

"తెప్పియ్యి అయితే" అన్నాడు.

అంత తొందరగా ఒప్పుకుంటాడని అనుకోలేదు. ఊళ్ళో కూడా ఎవరూ కాదనలేదు. ఆ పక్క పలకరాయి లేని పని లేదు. వాకిట్లో అదే, నీళ్ళ తొట్టి కింద అదే, బట్టలుతికేది దాని మీదే. జువ్వల కింద కూడా ఒకటి పడితే ఎవరికీ వింతగా అనిపించలేదు.

రాయి తెచ్చినతను గనిలో పనిచేసే మనిషి. ఆ ఊరి చర్చి వెనక ఇళ్ళలో ఉంటాడు. బండిలోంచి రాయి దించి, దాని మీద అరచేయి ఆనించి చూశాడు.

"అబ్బయ్యా, ఇది పచ్చిరాయి. మొన్న తీసింది. రెండు నెలలన్నా ఎండలో పడుండాల. పొయ్యి కింద గాని పరచబాకండి."

"పొయ్యికి కాదు. జువ్వలకి."

"జువ్వల్లో నిప్పుండదా ఏంది?"

"రాయి దించమన్నాను. సలహా అడిగానా?"

అతను నాతో మాట్లాడటం మానేసి అత్త వైపు తిరిగాడు. "అమ్మా, అబ్బాయి కోసరం ఆదివారం మా గుళ్ళో ప్రార్థన చేయించినాంలే. దిగులు పడబాక" అని బండి తోలుకుపోయాడు. మామ అక్కడే ఉన్నాడు. చీలలు చెక్కుతూ తల ఎత్తలేదు.

యుద్ధం రోజులు కాబట్టి చీకటి పడ్డాక ఆకాశంలో మంట కనపడకూడదని మునసబు కట్టడి చేశాడు. అందుకని ఆ ఏడాది జువ్వలు ఎండ ఉండగానే లేపారు. వెలుగులో జువ్వ అంటే చూడటానికేమీ ఉండదు. ఒక పొగ గీత, ఆ చివర చిన్న చప్పుడు. జనం చేతులు కళ్ళకు అడ్డం పెట్టుకుని చూశారు.

ముందు చిన్నవి మూడు లేపాలి. మామ చిటికెడు బూడిద గాలిలో వదిలి గాలి ఎటుందో చూసుకుని మొదటిది ముట్టించాడు. లేచింది. రెండోదీ లేచింది. మూడోది లేచేటప్పుడు కింద టప్పుమని ఒక చప్పుడు వినపడింది. గొట్టం వేడికి చిటపటలాడిందనుకున్నాను. లేదు, అలా అనుకోవాలనుకున్నాను. మామ దగ్గరే ఉన్నాడు. ఆయనకు నాకంటే బాగా వినపడి ఉండాలి.

పెద్ద జువ్వ నిలబెట్టాడు. అత్త వచ్చి పేలిక తనే కట్టి, వెనక్కి పోయి నిలబడింది. మామ ముట్టించాడు.

మనిషెత్తు లేచింది. అక్కడే ఒరిగింది. మా తలల మీదుగా కూడా కాదు, నేలకు సమంగా పడమరకు పోయి జొన్న కొయ్యకాళ్ళలో పడింది. కొంతసేపు పొర్లి పేలింది. ఎవరికీ దెబ్బ తగలలేదు. డప్పులు ఆగాయి. అత్త చెప్పులు వేసుకుని ఇంటికి నడిచింది.

నేను గద్దె దగ్గరికి పోయి చూశాను. పలకరాయి పైపొర అరచేయంత మేర పుస్తకంలో కాగితంలా లేచి ఉంది. చీలలు వదులై గొట్టం పక్కకు వాలింది.

ఆ తర్వాత నాలుగు రోజులు అత్త ఏడవలేదు. వండింది, వడ్డించింది, పేడ ఎత్తింది. ఆవుకు పెట్టే ముద్ద తీయడం మాత్రం మానేసింది. ఇరుగుపొరుగు ఆడవాళ్ళు ఇద్దరూ ముగ్గురూ కలిసి వచ్చి వసారాలో కూర్చుని, ఏమీ మాట్లాడకుండా కాసేపుండి పోయేవాళ్ళు. చావింటికి అలాగే వస్తారు. నేను అన్నం ముందు కూర్చునేవాణ్ణి. రుచి తెలిసేది కాదు. కోపం వస్తే బాగుండుననిపించేది. అదీ రాలేదు.

ఐదోరోజు పొద్దున మామ మిట్ట మీదికి గొట్టం పెరకడానికి పోతుంటే వెంట వెళ్ళాను.

"రాయి పగిలింది మామయ్యా. దానివల్లే వంకరపోయింది. అత్తకి చెప్పు."

"తెలుసు."

"ఏం తెలుసు?"

"పచ్చిరాయి నిప్పుకు పొరలు లేస్తాదని ఈ తాలూకాలో ఎవురికి తెలవదు?"

"తెలిసి ఎందుకు ఒప్పుకున్నావు?"

ఆయన లేచిన పొరను చేత్తో ఊడదీశాడు. తేలిగ్గానే వచ్చింది.

"నలభై ఏండ్లు లేపినా. ఊళ్ళో ఎవురి పేరైనా సరే, చెయ్యి వణకలా. ఈసారి మట్టి తొక్కుదామని కాలు పెడితే కాలు పడలా. మట్టి గద్దె మీదనుంచి వంకరపోయింటే మీ అత్తకు ఏం చెప్పాల? ఎవుర్ని తిట్టుకోవాల ఆమె?"

"నిటారుగా పోయుంటే?"

"పోయింటే మంచిదే కదా."

ఆయన వదులైన చీలలు ఒక చేత్తో పెరకసాగాడు.

"మరి ఇప్పుడైనా చెప్పు అత్తకి" అన్నాను.

"నేను చెబితే నమ్మదు. ఓదార్చేదానికి చెప్తాండాడు అనుకుంటాది. నువ్వు చెప్పు. మామ వద్దు వద్దంటాంటే వినకుండా నేనే పెట్టినానని చెప్పు."

అది అబద్ధం. ఇంకో రోజైతే నేను ఆ మిట్ట దద్దరిల్లేలా అరిచేవాణ్ణి. ఆయన చేతిలోంచి రాతిపొర తీసుకుని ఇంటికి వచ్చాను.

అత్త చెరుగుతూ ఉంది. పొర ఆమె ముందు పెట్టాను.

"రాయి నుంచి ఇది ఊడింది అత్తా. గొట్టం వాలింది. అందుకే జువ్వ అలా పోయింది."

ఆమె దాన్ని తిప్పి చూసింది. మసి వేలితో రుద్దింది.

"మీ మామ వద్దన్లేదా?"

"అన్నాడు."

"అన్నా పెట్టినావా?"

"పెట్టాను."

చేట పక్కన పెట్టింది. ముందు మెల్లగా మొదలుపెట్టింది.

"నీకు మద్రాసులో బుర్ర పెట్టినారా, పుచ్చకాయ పెట్టినారా? నలభై ఏండ్లు లేపిన మనిషి చెప్తాంటే ఇనకుండా రాయి పెడతావా? ఎవుడ్రా నువ్వు? నీ టెలిఫోను తగలెయ్య. నా బిడ్డ జువ్వ మీద నీ పెత్తనం ఏంది? అది నా బిడ్డ జువ్వ కాదు, నీది, నీ మొకం లాగా వంకరగా పోయింది."

వసారాలోకి ఎవరో వచ్చారు. వాళ్ళకు మళ్ళీ మొదటి నుంచి చెప్పి మళ్ళీ తిట్టింది. మధ్యాహ్నానికి ఊరంతా తెలిసింది. బావి దగ్గర తిట్టారు, దుకాణం దగ్గర తిట్టారు. మునసబు పిలిపించి, "పట్నపోళ్ళకు చదువుంటాది గానీ ఇంకేముంటాదిలే" అన్నాడు. రాయి తెచ్చినతను ఎదురైతే తల పక్కకు తిప్పుకున్నాడు. అతని విషయంలో మాత్రం నా తప్పు నిజమే.

ఆ సాయంత్రం అత్త ఆవుకు ముద్ద పెట్టింది. వసారాలోకి ఊరికే వచ్చి కూర్చునేవాళ్ళు మర్నాటి నుంచి రావడం మానేశారు.

రెండు నెలలకు ఆఫీసు మళ్ళీ తెరిచారని మద్రాసు నుంచి కబురొచ్చింది. బావ దగ్గర నుంచి అప్పటికీ ఉత్తరం రాలేదు. మామ ఆ సంగతి ఎత్తలేదు. నేనూ ఎత్తలేదు.

బండి ఎక్కేటప్పుడు అత్త చద్ది మూట చేతికిచ్చి, తిట్లు మొదలుపెట్టింది. ఈ రెండు నెలల్లో ఆమె గొంతు కొంచెం తగ్గింది. మధ్యలో ఒకచోట ఆగిపోయింది. చూపు నా మీద నుంచి జారి, నా వెనక ఉన్న దారి మీదికి పోయింది. చెయ్యి మూట మీదే ఉంది.

"మామయ్య ఒకసారి కాదత్తా, రెండుసార్లు వద్దన్నాడు" అన్నాను.

ఆమె మళ్ళీ నా వైపు చూసింది.

"రెండుతూర్లా? రెండుతూర్లు చెప్పినా ఇన్లేదా నువ్వు?" అని మళ్ళీ అందుకుంది. బండి కదిలాక కూడా ఆ గొంతు వినపడుతూనే ఉంది. మామ తల దించుకుని ఎద్దుల్ని తోలుతున్నాడు.